గుర్రం నిలబడిన నెల

ఊషాన్ లోయలో నెలలు వాటంతట అవి రావు. ఎవరో ఒకరు చూసి, ఇంటి కప్పెక్కి, రాగి పళ్ళెం మోగించి, వచ్చిందని చెప్పాలి. చెప్పేదాకా పాత నెలే నడుస్తుంది, ఎన్నాళ్ళయినా సరే. వేరే దేశాల ఆకాశంలో రాత్రిపూట దీపంలాంటిదేదో పెరిగి తరిగి లెక్క చెబుతుందని ఉప్పు వర్తకులు కోతలు కోస్తారు గానీ, ఊషాన్ వాళ్ళు నవ్వి ఊరుకుంటారు. ఉన్న ఒక్క సూర్యుడికే ఇక్కడ నిలకడ లేదు. ఒక ఏడాది ఎవరో తరుముతున్నట్టు వస్తాడు, ఇంకో ఏడాది కాళ్ళీడ్చుకుంటూ వస్తాడు. అందుకే వాళ్ళు ఆకాశాన్ని నమ్మడం ఎప్పుడో మానేసి, ఎదురుగా ఉన్న ఖుంజార్ కొండను నమ్ముకున్నారు.

మంచు కరిగేకొద్దీ కొండ ముఖం మీద నల్లరాయి బయటపడి బొమ్మలు కడుతుంది. ముందు కుందేలు, తర్వాత గుర్రం, ఆ తర్వాత గరిటె, ఎండలు ముదిరాక ముసలమ్మ. ఒక్కో బొమ్మ ఒక్కో నెల. ఒక్కో నెల ఒక్కో ఇంటి సొత్తు, పొలం ఉన్నట్టే. ఆ ఇంటి పెద్ద తప్ప ఇంకెవరూ ఆ బొమ్మ కోసం కొండవైపు తలెత్తకూడదు. ఎత్తితే దొంగతనం కింద లెక్క. గుర్రం నెల దగ్గరపడిందంటే ఊరు ఊరంతా మెడలు పట్టేసినట్టు తలలు వంచుకుని తిరుగుతుంది. ఆ రోజుల్లో ఎవరు ఎవరికి ఎదురైనా ముందు చెప్పులే పలకరించుకుంటాయి.

గుర్రం ఒక్కసారిగా రాదు. మొదట వీపు, మెడ. తర్వాత ముందుకాళ్ళు రెండూ, వెనక కాలొకటి. నాలుగో కాలు బయటపడేదాకా అది పడుకున్న గుర్రమే. ఆ కాలి చివర గిట్టలా ఎర్రరాతి చార ఒకటుంది. అది కనబడితే నిలబడినట్టు. కనుమ మీద వేలాడే మంచూ, ఆ నాలుగో కాలిని కప్పిన మంచూ ఒకే ఎత్తులో ఉంటాయి. ఇది పోయిందంటే అదీ జారిపోయినట్టే, దారి తెరుచుకున్నట్టే. చలికాలమంతా మందలతో ఆవలి బీళ్ళలో ఉండిపోయిన మగవాళ్ళు అప్పుడే ఇంటికి బయలుదేరతారు. కుందేలు నెల చివరికొచ్చేసరికి ఊళ్ళో మిగిలేది ఆడవాళ్ళు, పిల్లలు, పళ్ళూడిన పెద్దవాళ్ళు. వాళ్ళందరి చెవులూ ఒకే ఇంటి కప్పు మీద ఉంటాయి.

ఆ ఇల్లు ఓర్గున్‌ది. మనిషి పొడుగు, నోరు దురుసు, గర్వమైతే చెప్పక్కర్లేదు. తన తాత గానీ తండ్రి గానీ తాను గానీ గుర్రాన్ని ఏనాడూ తప్పు చదవలేదని రోజూ భోజనంతో పాటు వడ్డించేవాడు. ఆ చలికాలం ఆయన చూపు పోయింది.

కోడలు తాషీన్ ఆ సంగతి టీ దగ్గర కనిపెట్టింది. ఆయన వెన్న టీని గిన్నె పక్కన కంబళి మీద పోసుకుని, "గిన్నెను అటు జరిపిందెవరు? ఇంట్లో ఉన్నదే ఇద్దరం, అందులో ఒకరికి బుద్ధి లేదు" అని కసిరాడు. గిన్నె ఎక్కడిదక్కడే ఉంది. తాషీన్ ఆయన మొహం ముందు చెయ్యి ఆడించి చూసింది. రెప్ప కదలలేదు.

"గాలి తగుల్తోందే, ఏం చేస్తున్నావు?" అన్నాడు ఓర్గున్. అని, ఆమెకు తెలిసిపోయిందని అర్థమై, ఆ చెయ్యి తడిమి పట్టుకున్నాడు. ఆ తర్వాత గొంతు తగ్గించి అన్నాడు: "అమ్మాయ్, ఈ మాట గడప దాటకూడదు."

"వైద్యురాల్ని పిలుద్దాం మామయ్యా."

"వైద్యురాలికి తెలిస్తే ఊరికి తెలిసినట్టే. కన్నులేని ఇంటికి నెల ఉంచరు. గరిటె ఇంటి ఇష్మాత్ వచ్చి లాక్కుపోతాడు. రెండు నెలలు నావేనని మీసం దువ్వుకుంటూ నా వాకిట్లోంచే నడుస్తాడు. మావాడు బెర్మెక్ రావాలి. వాడొస్తే నేనే కప్పెక్కి అందరిముందూ పళ్ళెం వాడి చేతిలో పెడతాను. అందాకా నువ్వు చూడు, నేను చెబుతాను."

"నాకు గుర్రం సంగతి ఏం తెలుసు? మా ఊరికి కొండే కనపడదు కదా!"

"నేర్పుతాను. మరీ మొద్దువేం కాదులే."

తాషీన్ పుట్టింది లోయ అడుగున ఉన్న ఊళ్ళో. వాళ్ళది పై ఊరి రాగి పళ్ళెం మోత విని నెల మార్చుకునే జనం. గుర్రాన్ని ఆమె పెళ్ళయ్యాకే చూసింది, అదీ నిలబడిపోయిన గుర్రాన్ని. ఓర్గున్ పలక మీద బార్లీ పిండి పరిచి వేలితో ఆ బొమ్మ గీసి చూపించేవాడు. చూపు లేకపోయినా గీత తప్పేది కాదు. వీపు ఇలా వంగుతుంది, తోక ఇక్కడ విరుగుతుంది, మోకాలి కింద ఇంత ఖాళీ, ఆ తర్వాతే గిట్ట. ఆమె వేలు పట్టుకుని మళ్ళీ మళ్ళీ గీయించేవాడు, తప్పితే తిట్టేవాడు.

ఆమెకు బెర్మెక్‌తో కాపురం గరిటె నెల నుంచి తొలిమంచు దాకానే. అతను పెద్దగా మాట్లాడే మనిషి కాదు. పొయ్యి వైపు పక్క ఆమెకిచ్చి తాను చలిగోడ వైపు పడుకునేవాడు, ఎందుకని అడిగితే అటు తిరిగి నవ్వేవాడు. మందతో వెళ్ళేరోజు జడలబర్రె మీద మూటలు కడుతూ, "మా నాన్న నోరే అంత, మనసులో ఏం ఉండదు" అని ఒక్క మాట చెప్పి పోయాడు. ఆ చలికాలమంతా గుడ్డి మామగారి గుట్టు మోస్తూ, ఆయన తిట్లు తింటూ, తాషీన్ ఆ మనిషి కోసం కళ్ళు కాయలు కాచేలా ఎదురుచూసింది. అతనొస్తే బరువు దిగుతుంది. అతను రావాలంటే గుర్రం లేవాలి.

ఆ ఏడు కుందేలు నెల సాగదీసిన పిండిలా సాగింది. గడ్డి అయిపోయింది, ఎండు పెరుగు ఉండలు అడుగంటాయి. పక్కింటి జీబా రోజూ ఏదో వంకన వచ్చేది.

"ఏమ్మా, మీ గుర్రానికి ఇంకా నిద్ర తీరలేదా? మా ఆయన అక్కడ ఏ గొర్రెనో పెళ్ళాడి కాపురం పెట్టేస్తే నన్ననకండి."

"గొర్రే పాపం!" అని లోపల్నుంచి ఓర్గున్ అరిచేవాడు. జీబా పకపకా నవ్వేది. భర్త రాగానే చేసి పెట్టాలని ఆమె బార్లీ పిండిలో ఆఖరి దోసెడు విడిగా మూటకట్టి దాచుకుంది. ఆ మూటను ఎలుకలు కొట్టకుండా మెడకు కట్టుకుని తిరుగుతోందని ఊళ్ళో వేళాకోళం.

ప్రతిరోజూ ఎండెక్కగానే ఓర్గున్ కప్పు మీద కొండకెదురుగా నిలబడేవాడు, గడ్డం పైకెత్తి, రాజులాగా. ఆయన వెనక పిడకల గూడు చాటున తాషీన్ ఊలు వడుకుతున్నట్టు కూర్చుని, పెదవి కదపకుండా చూసింది చెప్పేది. ఇవాళ తోక. ఇవాళ వెనక కాలొకటి. ఇవాళేం లేదు. ఇవాళ కూడా ఏం లేదు.

ఆ రోజు మాత్రం ఆమె చేతిలో కదురు ఆగిపోయింది.

"మామయ్యా, నాలుగో కాలు దగ్గర నల్లగా కనిపిస్తోంది."

ఓర్గున్ కదల్లేదు. కింద వీధిలో ఎవరో నడుస్తున్నారు. వాళ్ళు దాటిపోయాక అడిగాడు: "ఎంత పొడుగు?"

"మోకాలి దగ్గర్నుంచి కిందిదాకా."

"గిట్ట?"

కొండకు అడ్డంగా పలచటి పొగమంచు కదులుతోంది. తాషీన్ కళ్ళు చికిలించి చూసింది. నల్లటి కాలు ఉంది, అందులో సందేహం లేదు. దాని చివర ఏదో రంగు మారుతోంది. ఎరుపేమో. ఎరుపే అయుండాలి, ఇంకేం ఉంటుంది?

"ఉన్నట్టే ఉంది."

"ఉన్నట్టు ఉండటం వేరు, ఉండటం వేరు. ఉందా, లేదా?"

అబద్ధం ఆడాలని ఆమె అనుకోలేదు, పాపం. ఆ పొగమంచులో ఆమెకు నిజంగానే ఒక్క క్షణం ఎర్రచార కనబడింది. అన్నాళ్ళు ఎదురుచూసిన కళ్ళకు అది కనబడకపోతేనే ఆశ్చర్యం. కానీ ఇంకొక్క పూట ఆగుదాం మామయ్యా అని ఆమె అనొచ్చు. ఆ మాట నాలుక చివరిదాకా వచ్చింది కూడా. దాన్ని మింగేసి, "ఉంది" అంది.

ఓర్గున్ మళ్ళీ అడగలేదు. పళ్ళెం ఎత్తి కొట్టాడు. ఆ వయసులో ఆయనకంత బలం ఎక్కడిదోనని ఊరంతా చెప్పుకున్నారు. "గుర్రం నిలబడింది!" అని ఆయన అరవగానే వంగిన మెడలన్నీ ఒక్కసారి లేచాయి. ఆడవాళ్ళు బయటికి పరుగెత్తుకొచ్చి కొండను చూసి, నాలుగు కాళ్ళ గుర్రాన్ని చూసి, ఒకరినొకరు కావలించుకున్నారు. పై ఊళ్ళో పళ్ళెం మోగింది, దానిపైన ఇంకో ఊళ్ళో మోగింది. పొద్దు వాలకముందే లోయ చిట్టచివర, పొగ ఇంటి దగ్గర తెల్లటి పొగ నిలువుగా లేచింది. ఆవలి బీళ్ళలో ఉన్నవాళ్ళకు అదే కబురు.

కప్పు దిగాక ఓర్గున్ తడుముకుంటూ కోడలి తలమీద చెయ్యి పెట్టాడు. "మా నాన్న పక్కన నిలబడి చెప్పినట్టే చెప్పావే" అన్నాడు. పెళ్ళయ్యాక ఆయన ఆమెను మెచ్చుకోవడం అదే మొదలు. ఆ మాటకు తాషీన్ సంతోషపడుతూనే, ఇంకోసారి కొండవైపు చూడకుండా పొయ్యి రాజేయబోయింది.

మర్నాడు ఎండ బాగా ఎక్కాక ఆమె కప్పు మీద కంబళ్ళు దులుపుతుంటే జీబా తన కప్పు మీంచి కేకేసింది.

"ఏమే తాషీన్, మీ గుర్రమేంటి అలా కాలు చాపుకుంటోంది? రాత్రంతా ఎవరింటికి పోయొచ్చిందో?"

తాషీన్ నవ్వుతూ కొండవైపు తిరిగింది. ఆ నవ్వు మొహం మీద అలాగే ఉండిపోయింది. నాలుగో కాలు పొడుగైంది. గిట్ట ఉండాల్సిన చోటు దాటి ఇంకా కిందికి, వంకరగా, ఏ గుర్రానికీ లేనంత పొడుగున సాగింది. మోకాలి దగ్గర మళ్ళీ తెల్లగా ఉంది. ఎర్రచార ఎక్కడా లేదు.

"నిన్న తెల్లవారుజామున కొండమీద రాళ్ళు దొర్లిన చప్పుడు వినలేదూ?" జీబా ఇంకా మాట్లాడుతూనే ఉంది. "మా మేకలు బెదిరి తాడు తెంపుకున్నాయి. అప్పుడే లేచుంటుంది మీ మహారాణి."

ఆ కాలు రాయి కాదు. రాళ్ళు దొర్లినప్పుడు మంచు మీద పడిన నల్లటి దుమ్ము. కింద మంచు ఎండకు మెల్లగా జారుతుంటే దుమ్ము కూడా దాంతో జారుతోంది. అంటే మంచు అక్కడే ఉంది. కనుమ మీదా ఉంది.

తాషీన్ నిచ్చెన ఎలా దిగిందో ఆమెకే తెలియదు. ఓర్గున్ పొయ్యి దగ్గర కూర్చుని ఉన్నాడు. ఆమె చెప్పింది విని, ఒక్క ప్రశ్న అడిగాడు.

"మోకాలు?"

"తెల్లగా ఉంది."

ఆయన రెండు చేతులూ మోకాళ్ళ మీద పెట్టుకుని నిప్పువైపు మొహం తిప్పి కూర్చున్నాడు. తిడతాడనుకుంది. తిట్టి ఉంటే ఆమె ప్రాణం కాస్త కుదుటపడేది. "ఎర్రచార ఉందన్నావు" అన్నాడు, అంతే.

"అన్నాను."

"వాళ్ళు ఈపాటికి మందను కూడగట్టి ఉంటారు."

"లేవలేదని చెప్పండి మామయ్యా! మళ్ళీ కప్పెక్కి తప్పయిందని చెప్పండి."

"ఎలా చెప్పనే? ఆ పళ్ళేనికి వచ్చింది ఒక్కటే మాట."

అది నిజం. ఊషాన్‌లో నెలను పిలవడానికి మోత ఉంది, పొగ ఉంది, పాట కూడా ఉంది. పిలిచిన నెలను వెనక్కి పంపడానికి ఏమీ లేదు. పుట్టిన పిల్లను తిరిగి కడుపులో పెట్టుకోవడానికి ఏ తల్లి దగ్గరైనా ఉపాయం ఉంటుందా, ఇదీ అలాగే. ఇన్ని తరాల్లో ఎవరికీ ఆ అవసరం పడలేదు. పడిందేమో, బయటికి చెప్పుకోలేదేమో, ఎవరికి తెలుసు.

ఓర్గున్ లేచాడు. గోడ తడుముకుంటూ నిచ్చెన దగ్గరికి వెళ్ళి, తాషీన్ చెయ్యి అందించబోతే విదిలించుకుని, తానే ఎక్కాడు. ఊరు ఊరంతా వినాలి, తన గుడ్డితనం తానే చెప్పాలి, ఇష్మాత్ వింటే విననీ. ఆయన మనసులో ఉన్నది అదొక్కటే. జనాన్ని ఎలా పోగు చేయాలో ఆలోచించకుండా, అరవై ఏళ్ళ అలవాటుగా చేతికందిన పళ్ళెం తీసి దబదబా బాదాడు.

అందరూ వచ్చారు. ఇష్మాత్ కూడా గడ్డం సవరించుకుంటూ వచ్చాడు.

"నాకు చూపు లేదు" అన్నాడు ఓర్గున్. "చలికాలం నుంచి లేదు. గుర్రాన్ని నేను చూడలేదు. నా కోడలు చూసింది, ఆ పిల్లకు తెలియదు. అది మంచుమీద దుమ్ము. గుర్రం నిలబడలేదు. వినండి, గుర్రం ని..."

ఆ మాట పూర్తికాకముందే పై ఊళ్ళో పళ్ళెం మోగింది. దాని పైన ఇంకోటి. ఓర్గున్ పళ్ళెం మోత విన్నారు, అందుకున్నారు, పైకి అందించారు. ఒకసారి పిలిచిన నెలను రెండోసారి మోగిస్తే అర్థం ఒక్కటే: దారి బాగుంది, తొందరగా రండి. లోయ పొడుగునా ఆ మోత ఊరూరూ ఎక్కుతూ పోతుంటే ఓర్గున్ కప్పు మీద నిలబడి విన్నాడు. ఆయన మెల్లగా పిడకల గూటికి ఆనుకుని కిందికి జారి, మొహం కంబళిలో దాచుకుని, చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

"ముసలాయనకి మతి పోయింది" అంది జీబా పైకి వినబడేలా.

"కాదు వదినా, నువ్వే చూశావు కదా, కాలు జారింది. రాయి జారుతుందా?" అంది తాషీన్.

జీబా దగ్గరికొచ్చింది. మెడలో పిండిమూటను పిడికిట్లో పట్టుకుంది. "నెల తెరుచుకుంది. మీ మామే పిలిచాడు, నా చెవులతో విన్నాను. మా ఆయన ఎల్లుండికి ఇంట్లో ఉంటాడు. నువ్వు నోరు మూసుకో." ఆ పిడికిలి ఇంకా బిగించింది. "మూసుకోవే, నీకు దణ్ణం పెడతాను."

తాషీన్ ఇష్మాత్ వైపు తిరిగింది. "బాబాయ్, మీరైనా ఎవరినైనా పంపండి."

"ఎవరిని పంపను? నడవగలిగిన వాళ్ళంతా అక్కడే ఉన్నారు." ఇష్మాత్ కొడుకులిద్దరూ ఆ మందతోనే ఉన్నారు. రెండు నెలలు తనవయ్యే రోజు వచ్చిందన్న ఆలోచన కూడా ఆయనకు తట్టినట్టు లేదు. "పిలిచిన నెల పిలిచినట్టే. ఇళ్ళకి పొండి" అన్నాడు. అని తాను మాత్రం ఇంటికి పోకుండా అక్కడే ఒక రాతిమీద కూలబడ్డాడు.

తాషీన్ ఒంటిమీద కంబళి బిగించుకుని పొగ ఇంటివైపు బయలుదేరింది. కప్పు మీంచి ఓర్గున్ పిలిచాడు. "అమ్మాయ్, నాకు దారి కనబడితే నేనే పోదును." ఆమె వెనక్కి తిరగకుండా పరుగందుకుంది.

పొగ ఇంటికి చేరేసరికి పొద్దు గుంకింది. అక్కడ ఉండేది ఒక్క ముసలామె. లోయలో అందరూ ఆమెను మోమా అంటారు. వాకిట్లో మంట పెద్దదిగా మండుతోంది.

"రెండోసారి మోగిందని ఇంకో రెండు మోపులు వేశానమ్మా" అంది మోమా, మెచ్చుకుంటుందేమోనని చూస్తూ.

తాషీన్ చెప్పింది. చెబుతూనే మంటను కాలితో చెల్లాచెదురు చేయబోయింది. మోమా ఆమె భుజాలు పట్టుకుని వెనక్కి లాగింది.

"కాళ్ళు కాల్చుకోకు తల్లీ. ఆర్పి ఏం లాభం? ఆవల వాళ్ళ పొగ కూడా లేచింది, బయలుదేరామని. ఈ రాత్రికి కనుమ అవతలే మకాం."

"అయితే నేను పైకి పోతాను."

"ఎటు నుంచి పోతావు? ఉన్న దారి ఆ మంచు కిందనుంచే. నువ్వు వాళ్ళని చేరేలోపే నిన్ను మింగేస్తుంది."

తెల్లవారగానే ఇద్దరూ బయటికొచ్చారు. లోయకు అవతలి ఒడ్డున, కేకేస్తే వినబడేంత దూరంలో, కనుమ నుంచి దిగే దారి సన్నటి గీతలా ఉంది. దానిమీద ఇంటి కప్పులా ముందుకు వంగి మంచు వేలాడుతోంది. కనుమ దిగి వచ్చేవాళ్ళకు మాత్రం అది కనబడదు. ఎవరూ కింద లేనప్పుడే దాన్ని పడగొట్టేస్తే పోతుందని మోమాకు తోచింది. ఇద్దరూ కుండలు బాదారు, గొంతు చిరిగేలా అరిచారు. రాత్రి చలికి అది రాయిలా బిగుసుకుపోయింది. ఒక్క గడ్డ కూడా రాలలేదు. వాళ్ళు అలిసిపోయి కూర్చున్నాక కొండ భుజం మీంచి ఎండ దిగింది. మంచు అంచు తడిగా మెరవడం మొదలుపెట్టింది. కాసేపటికి చిన్న చిన్న ఉండలు వాటంతట అవే దొర్లాయి.

అప్పుడు గంటలు వినబడ్డాయి.

గుర్రం ఇంకా పడుకుని ఉన్న రోజుల్లో ఆ దారిన ఎవరైనా పోవాల్సి వస్తే జడలబర్రెల మెడగంటల్లో ఊలు కుక్కుతారు, దగ్గు వస్తే కంబళి నోట్లో పెట్టుకుంటారు. గుర్రం నిలబడ్డాక ఆ ఊలు పీకి పారేసి పాడుకుంటూ వస్తారు. ఇప్పుడు వాళ్ళు పాడుకుంటూ వస్తున్నారు. ముందు గొర్రెలు మట్టిరంగు ఏరులా, వాటి వెనక జడలబర్రెలు, మధ్యమధ్య మనుషులు. మనుషుల్లో అందరికన్నా ముందు, పెద్దబర్రె ముకుతాడు పట్టుకుని బెర్మెక్. అంత దూరం నుంచి కూడా ఆ నడక ఆమె గుర్తుపట్టింది.

తాషీన్ లేచి నోరు తెరిచింది. మోమా ఒక్క ఉదుటున వచ్చి ఆ నోరు చేత్తో మూసింది.

"వద్దు తల్లీ. ఎండ తగిలింది, ఇప్పుడు చాలు దానికి ఒక్క కేక. దారిలో సగం దాటేశారు. వెనక్కి తిరిగినా అంతే దూరం. రానీ. పాట మెత్తగానే ఉంది, రానీ."

తాషీన్ చేతులు ఊపింది. రెండు చేతులూ అడ్డంగా, వద్దు వద్దు అన్నట్టు, మంచువైపు చూపిస్తూ, నోటిమీద వేలు పెట్టి చూపిస్తూ ఊపింది. అవతల ఎవరో ఆమెను చూశారు. వాళ్ళూ చేతులు ఊపారు. ఊళ్ళో ఆడమనిషెవరో పొగ ఇంటిదాకా ఎదురొచ్చి ఆడుతోందనుకున్నారు. ఒకడు నిజంగానే రెండడుగులు ఆడాడు. తాషీన్ చేతులు దించేసింది. ఇక ఏం చేసినా అది వాళ్ళకు సంబరంలాగే కనబడుతుందని ఆమెకు అర్థమైంది. నేలమీద కూర్చుని, తన నోటిని తానే రెండు చేతులతో గట్టిగా మూసుకుంది.

మంద మెల్లగా కదులుతోంది. గొర్రెల ముందు వరస మంచు నీడ దాటి ఎండలోకి వచ్చింది. ఇంకా కాస్త. మోమా ఏదో గొణుక్కుంటూ కళ్ళు మూసుకుంది. ఆగకండి, నవ్వకండి, అలాగే రండి, అని తాషీన్ అరచేతుల వెనక అనుకుంటూనే ఉంది.

బెర్మెక్ ఆగాడు. చేతిలో ముకుతాడు వెనకవాడికిచ్చి, కళ్ళకు చెయ్యి అడ్డం పెట్టుకుని ఇటు చూశాడు. ఊరివాళ్ళెవరో కాదు, ఆమేనని అప్పుడు గుర్తుపట్టినట్టున్నాడు. టోపీ తీసి పైకెగరేసి పట్టుకున్నాడు. పెద్దగా మాట్లాడని ఆ మనిషి చలికాలమంతా దాచుకున్న ఊపిరంతా ఛాతీలోకి పీల్చుకుని, రెండు చేతులూ నోటి చుట్టూ పెట్టుకున్నాడు.

"తా...షీ...న్!"

కేక లోయ దాటి వచ్చి ఆమెను చేరింది. ఎంత సంతోషంగా ఉందో ఆ గొంతు. కొండ ఆ పేరును ఒకసారి తిరిగి పలికింది. పైన మంచు అంచు మీద సన్నటి గీత ఒకటి ఈ చివర నుంచి ఆ చివరిదాకా పాకింది. చప్పుడు తర్వాత వచ్చింది. బెర్మెక్ తలెత్తి చూడటం ఆమె చూసింది.

తెల్లటి దుమ్ము లోయ నిండా లేచి, ఎండను కప్పి, మెల్లగా దిగింది. దిగాక అవతలి ఒడ్డున దారి లేదు. ముందు దాటిన కొన్ని గొర్రెలు ఒక మూల ముడుచుకుని నిలబడి ఉన్నాయి. వాటిలో ఒకదాని మెడలో గంట కాసేపు మోగి ఆగిపోయింది.

తాషీన్ కూర్చున్న చోటనే కూర్చుంది. చేతులు నోటిమీదే ఉన్నాయి, వేళ్ళు బుగ్గల్లోకి దిగిపోయి ఉన్నాయి. మోమా పక్కన చతికిలబడి ఆ వేళ్ళను ఒక్కొక్కటే విడదీసింది.

"ఇప్పుడు అరువమ్మా" అంది. "ఇంక జారడానికేం లేదు."

తాషీన్ అతని పేరు పలకబోయింది. నోరు తెరుచుకుంది గానీ, గొంతులోంచి గాలి తప్ప ఏమీ రాలేదు.